దొరకిన వెలుగు, కల్పించిన వెలుగు

ఖరగ్‌పూరులోని న్యూ సెటిల్‌మెంటులో నివసించు తెలుగు కుటుంబములకు రైలును గూర్చి పరులు వచ్చి చెప్పవలసినది లేదు. పందొమ్మిదవ శతాబ్ది చివర బెంగాల్-నాగపూర్ రైల్వేవారు ఖరగ్‌పూరును జంక్షనుగా తీర్చి, పిదప కొలది యేండ్లకే ఇచ్చట కార్ఖానాను నెలకొల్పినది మొదలు, శ్రీకాకుళ విజయనగర విశాఖపట్టణ సీమలనుండి పొట్ట చేతబట్టుకొని వచ్చినవారు రైల్వే క్వార్టర్లలో కాపురములు పెట్టి, బిడ్డలకు తెలుగు నేర్పించుకొని, గుడులు కట్టుకొని, ఉగాదులు జరుపుకొనుచు, తరతరములుగా ఇచ్చటనే నిలిచిపోయిరి. పశ్చిమ బెంగాల్ ప్రభుత్వము 2020 డిసెంబరులో తెలుగునకు అధికారభాషా ప్రతిపత్తి నొసగ నిర్ణయించినప్పుడు దాని కన్నులయెదుట ముఖ్యముగా నున్నది ఈ ఖరగ్‌పూరు తెలుగు సమాజమే. వేయిన్ని డెబ్బదిరెండు మీటర్ల నిడివితో చాలకాలము ప్రపంచమున మొదటిదిగా పేరొందిన ప్లాట్‌ఫారము వీరికి వాకిలివంటిది.

ఇట్టి ఊరివారికి చలనచిత్ర ఛాయాగ్రహణమను వృత్తిని పరిచయము చేయుటకు రెండు చిత్రములు చాలును. ఒకటి చిన్న పెట్టుబడితో తీసినది, రెండవది పెద్ద పెట్టుబడితో తీసినది. రెండింటి నడుమ నలుబదియేండ్ల ఎడమున్నది. అయినను రెండింటను కథానాయకుడు రైల్వే టికెట్ కలెక్టరే.

మొదటిది 1974లో వెలువడిన ‘27 డౌన్’ అను హిందీ చిత్రము. అవతార్ కృష్ణ కౌల్ దానికి దర్శకుడు. చిత్రకళను అభ్యసింపగోరిన యువకుడు రైల్వే ఉద్యోగియైన తండ్రి బలవంతమున చదువు విడిచి టికెట్ కలెక్టరగుట, రైలులోనే ఒక యువతి పరిచయమగుట, జీవితమంతయు ఒక స్టేషనునుండి మఱియొక స్టేషనునకు సాగు ప్రయాణముగా మారిపోవుట అందలి కథ. దానికి ఛాయాగ్రాహకుడు ఒడిశాకు చెందిన అపూర్వ కిశోర్ బీర్. పుణెలోని ఫిల్మ్ ఇన్‌స్టిట్యూటునుండి అప్పుడే వెలికివచ్చిన పడుచువాడు. నలుపు తెలుపులలో, నిజమైన రైళ్లలో, నిజమైన జనసమ్మర్దము నడుమ, పలుచోట్ల కెమెరాను చేతబట్టుకొనియే అతడా చిత్రమును తీసెను. ఆ మొదటి ప్రయత్నమునకే ఛాయాగ్రహణమునందు జాతీయ పురస్కారము లభించెను. దర్శకుడు మాత్రము ఆ యేడే నీట మునిగి మరణించుటచేత, ఆ చిత్రమే అతనికి మొదటిదియు చివరిదియు నయ్యెను.

రెండవది 2016లో విడుదలయిన ‘ఎం.ఎస్. ధోనీ: ది అన్‌టోల్డ్ స్టోరీ’. 2001 మొదలు 2003 వఱకు ఖరగ్‌పూరులో టికెట్ కలెక్టరుగా పనిచేసిన క్రికెటరు కథ యది. అందుచేత చిత్రీకరణలో కొంత భాగము ఈ ఊరి స్టేషనులోనే జరిగెను. దర్శకుడు నీరజ్ పాండే, ఛాయాగ్రాహకుడు సంతోష్ తుండియిల్. ఈయనయు పుణె ఇన్‌స్టిట్యూటులో నేర్చినవాడే. ‘కుఛ్ కుఛ్ హోతా హై’ వంటి భారీ చిత్రముతో వృత్తిలో అడుగుపెట్టి, ‘క్రిష్’ వంటి ఖరీదైన చిత్రములకు పనిచేసినవాడు. మొదటి చిత్రములోని టికెట్ కలెక్టరు కళను వదలి ఉద్యోగమును పట్టుకొనెను. రెండవవాడు ఉద్యోగమును వదలి ఆటను పట్టుకొనెను. ఆ ఇద్దరిని మనకు చూపిన ఛాయాగ్రాహకుల పనిలోని భేదమెట్టిదో, ఆ భేదమునకు లోపల సామాన్యమైనది ఏదో విచారించుట ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

రైలుపెట్టెలో కిటికీప్రక్కన కూర్చున్న మనుష్యుని చిత్రించుట ఎంత కష్టమో మొదట చూతము. మిట్టమధ్యాహ్నము బయటి పొలముమీద పడు వెలుగు, పెట్టెలోపలి వెలుగుకంటె నూరురెట్లకు మించియుండవచ్చును. మన కన్ను క్షణములో సర్దుకొని రెండింటిని చూచును. ఫిల్మునకు ఆ నేర్పు లేదు. ముఖము తెలియునట్లు లెన్సు తెఱచినచో కిటికీ వెల్లవేసిన గోడవలె తెల్లబడిపోవును. పొలము తెలియునట్లు మూసినచో ముఖము నల్లని నీడగా మిగులును. పెద్ద చిత్రమున నైనచో కిటికీ అద్దమునకు నల్లని జెల్ కాగితము అంటించి బయటి వెలుగును తగ్గింతురు. లోపల దీపములు కట్టి ముఖముమీది వెలుగును పెంతురు. లేదా పెట్టెనే స్టూడియోలో కట్టి, దానిని కుదుపుచు, కిటికీవెనుక కదలు దృశ్యమును వేఱుగా చేర్తురు. చిన్న చిత్రమువానికి ఇవి యేవియు లేవు. రైలు ప్లాట్‌ఫారము కప్పుక్రిందికి వచ్చి బయటి వెలుగు తగ్గు క్షణమునకై అతడు కాచుకొనవలెను. ఎదుటి బెంచీమీద తెల్లని పంచె కట్టిన ప్రయాణికుడున్నచో, ఆ పంచెమీద పడిన యెండయే ఈ ముఖమునకు దీపమగునని గుర్తింపవలెను. ఆ ప్రయాణికుడు దిగిపోకముందే షాట్ ముగింపవలెను. అప్పటి చేతికెమెరాలో పట్టు 400 అడుగుల రీలు నాలుగున్నర నిమిషములలో అయిపోవును. అటుపిమ్మట నల్లసంచిలో చేతులు దూర్చి, కంటితో చూడకయే కొత్త రీలు ఎక్కింపవలెను. వెలుగును పుట్టించు స్తోమత లేనివాడు వెలుగు ఎచ్చట పుట్టుచున్నదో కనిపెట్టుట నేర్చుకొనును.

కాబట్టి స్థూలముగా చెప్పవలెనన్నచో, చిన్న చిత్రమువాడు దొరకిన వెలుగుతో పనిచేయును, పెద్ద చిత్రమువాడు కల్పించిన వెలుగుతో పనిచేయును. అయితే కల్పించిన వెలుగు దొరకిన వెలుగువలె కనబడినప్పుడే ప్రేక్షకుడు దానిని నమ్మును. ఈ సూత్రమును భారతదేశమున అందఱికంటె స్పష్టముగా చూపినవాడు, ఖరగ్‌పూరునకు నూటపదునైదు కిలోమీటర్ల దూరముననున్న కలకత్తాలో పనిచేసిన ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర. సత్యజిత్ రాయ్ ‘పథేర్ పాంచాలీ’ ఆరంభమగునాటికి అతనికి ఇరువది యొకటవ యేడు. అదివఱకు సినిమా కెమెరాను నడిపినవాడే కాడు. రెల్లుపూల నడుమనుండి పిల్లలిద్దఱు పరుగెత్తి రైలును చూచు ఘట్టము ఆ చేతులతో తీసినదే. పిదప 1956 నాటి ‘అపరాజితో’ కొఱకు కాశీలోని ఒక ఇంటి మండువాను స్టూడియోలో కట్టవలసివచ్చినప్పుడు, ఆకాశమునుండి మెత్తగా దిగు నీడలేని వెలుగు స్టూడియో దీపములతో ఎట్లు వచ్చునను ప్రశ్న పుట్టెను. మిత్ర మండువా పైభాగమున తెల్లనిగుడ్డ కట్టించి, దీపములను నటులమీదికిగాక ఆ గుడ్డమీదికి త్రిప్పి, అందుండి తిరిగివచ్చు వెలుగుతో దృశ్యములను తీసెను. నేడు మన తెలుగు షూటింగులలో లైట్‌మెన్ థర్మకోల్ పలకను పట్టుకొని దీపమును దానికేసి కొట్టించుట ఆ పద్ధతికి చెందినదే.

ఇచ్చట ఖరగ్‌పూరు తెలుగువారు విశేషముగా గమనింపదగిన సంగతి యొకటున్నది. తెలుగున స్వతంత్రధోరణి చిత్రములు తలయెత్తిన కాలమున, వానికి దృష్టినిచ్చినవారిలో పలువురు ఈ తూర్పుదిక్కువారే. 1977లో మృణాల్ సేన్ ప్రేమ్‌చంద్ కథ నాధారముగా జేసికొని తెలుగున ‘ఒక ఊరి కథ’ తీసినప్పుడు, అతని చిత్రములకు పెక్కింటికి పనిచేసిన కె.కె. మహాజన్ కెమెరా పట్టెను. 1980లో విడుదలయిన ‘మా భూమి’, బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్‌ల నిర్మాణమైనను, దర్శకుడు గౌతమ్ ఘోష్ బెంగాలీ; అది ఆయన తొలి కథాచిత్రము; ఛాయాగ్రాహకుడు కమల్ నాయక్. ఇక నర్సింగరావు స్వయముగా దర్శకత్వము వహించి 1988లో ‘దాసి’ తీసినప్పుడు, కెమెరావెనుక నిలిచినవాడు మనము ముందు చెప్పుకొన్న ఆ ‘27 డౌన్’ బీర్‌గారే.

‘దాసి’ తెలంగాణములోని ఒక దొరగడీలో వెట్టికి బంధింపబడిన స్త్రీ కథ. గడీ లోపలి గదులు సహజముగా చీకటివి. ద్వారమునుండియో చిన్న కిటికీనుండియో వచ్చు కొలదిపాటి వెలుగే వానికి ఆధారము. పెట్టుబడి హెచ్చుగా నున్నచో అట్టి గదిని దీపములతో నింపి, దొరవారి ఐశ్వర్యమునంతయు తళతళలాడించు చాపల్యము కలుగును. బీర్ అట్లు చేయక, మూలలను మూలలుగానే విడిచి, మనుష్యులు వెలుగులోనికి వచ్చుటను, వెలుగునుండి తొలగుటను కథలో భాగముగా చేసెను. ఆ చిత్రమునకు ఐదు జాతీయ పురస్కారములు వచ్చెను: ఉత్తమ తెలుగు చిత్రము, అర్చన నటన, తోట వైకుంఠము కళాదర్శకత్వము, సుదర్శన్ దుస్తులు, బీర్ ఛాయాగ్రహణము. మొదటి చిత్రమునకు రైలులో నేర్చిన పొదుపు, పదునాలుగేండ్ల పిదప ఒక తెలుగు గడీలో ఫలించెనని చెప్పవచ్చును.

దీనినిబట్టి పెద్ద చిత్రములలో కళ లేదని తలచుట పొరపాటు. 1957 నాటి ‘మాయాబజార్’ ఆ కాలమున భారీ నిర్మాణము. దాని ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లీ ఆంగ్లో-ఇండియన్. రైల్వే కాలనీలలో తెలుగువారికి పొరుగువారై మెలగిన ఆ సమాజమునుండి వచ్చి, తెలుగువారి పురాణలోకమునకు రూపమిచ్చినవాడు. అందలి పడవపాటలో నీటిమీద పరచుకొన్న వెన్నెలను చూచి ఇన్ని దశాబ్దములుగా ప్రేక్షకులు మురియుచున్నారు. అయితే ఆ వెన్నెల చంద్రుడిచ్చినది కాదు, బార్ట్లీ కల్పించినది. నాటి ఫిల్మునకు నిజమైన వెన్నెల చాలదు. కావున దానిని పుట్టింపవలసినదే. పుట్టించినవాడు వెన్నెల నీటిపై ఎట్లు తునుకలగునో, ముఖముమీద ఎంత మెత్తగా నిలుచునో బాగుగా చూచియున్నవాడగుటచేత ఆ మాయ నేటికిని చెక్కుచెదరలేదు. ఆ విధముగానే 1974లో ‘అల్లూరి సీతారామరాజు’ తెలుగున తొలి సినిమాస్కోప్ చిత్రముగా వచ్చినప్పుడు, వి.ఎస్.ఆర్. స్వామి ఆ వెడల్పాటి తెరను అడవికొండలతో నింపి, యంత్రము క్రొత్తదైనను దృశ్యము కొత్తగా తోపకుండునట్లు నడిపెను.

మన కాలమున ఈ రెండు దారులను ఒకే జీవితమున నడచినవానికి నిదర్శనము కె.కె. సెంథిల్ కుమార్. పుణె ఇన్‌స్టిట్యూటు విద్యార్థియైన ఈయన ఛాయాగ్రాహకుడుగా పనిచేసిన తొలి కథాచిత్రము 2003 నాటి ‘ఐతే’. చంద్రశేఖర్ యేలేటికి అది మొదటి చిత్రము; నటులలో అధికులు క్రొత్తవారు; ఖర్చు స్వల్పము; అయినను ఆ యేటి ఉత్తమ తెలుగు చిత్రముగా జాతీయ పురస్కార మందుకొనెను. మఱుసటి యేడే ‘సై’తో ఎస్.ఎస్. రాజమౌళి బృందమున చేరి, ‘ఛత్రపతి’, ‘యమదొంగ’, ‘మగధీర’ మీదుగా ‘ఈగ’, రెండు ‘బాహుబలి’ భాగములు, ‘ఆర్.ఆర్.ఆర్.’ వఱకు సాగెను. నడుమ 2009లో కోడి రామకృష్ణ ‘అరుంధతి’కిని పనిచేసెను. వెలుగు కల్పన యెంత దూరము పోగలదో 2012 నాటి ‘ఈగ’ చూపును. కథానాయకుడైన ఈగ షూటింగునాడు అచ్చట లేదు. పిదప కంప్యూటరులో చేర్చిరి. అనగా ఛాయాగ్రాహకుడు శూన్యమునకు ఫ్రేము పెట్టి, శూన్యముమీద వెలుగు వేసి, లేని ఈగ ఎంత వేగమున ఎగురునో ఊహించి కెమెరాను త్రిప్పవలెను. ‘బాహుబలి’లోను అట్లే, గ్రీన్ మ్యాట్ ముందు నిలిచిన నటుని భుజముమీద సూర్యకాంతి ఏ దిక్కునుండి పడినదో, ఇంకను గీయబడని మాహిష్మతీ సౌధముమీద ఆ దిక్కునుండియే పడవలెను. ఒక దీపము అటునిటు అయినచో, నెలల తరబడి కంప్యూటరు ముందు కూర్చున్నవారి శ్రమ కాగితపు కోటగా బయటపడును. 2021 ఆగస్టులో యుక్రెయిన్‌లోని కీవ్ నగరమున మారిన్‌స్కీ సౌధము ముంగిట ‘ఆర్.ఆర్.ఆర్.’లోని ‘నాటు నాటు’ పాటను చిత్రించినప్పుడు సమస్య వేఱు: సౌధము నిజము, ఆకాశము నిజము, సూర్యుడు నిజము, పాట అనేక దినములు సాగినను తెరమీద ఒక్క సాయంకాలములో జరిగినట్లే తోపవలెను.

పెద్ద చిత్రమున ఛాయాగ్రాహకుని దినచర్య చూచినచో, అతడు చిత్రకారునికంటె కార్ఖానా ఫోర్‌మన్ వలె కనబడును. కెమెరాను నడుపు ఆపరేటర్లు వేఱు. నటుడు అంగుళము ముందునకు వంగినను బొమ్మ మసకబారకుండ చూచు ఫోకస్ పుల్లర్ వేఱు. దీపముల నిర్వహణకు గాఫర్, అతని చేతిక్రింద లైట్‌మెన్. ట్రాలీ, క్రేన్, జనరేటరు వారు. అంకెలరూపమున వచ్చిన దృశ్యములను భద్రపఱచువారు. చివర డీఐ (డిజిటల్ ఇంటర్మీడియట్) గదిలో రంగులు సరిచేయు కలరిస్టు. వందలమంది జూనియర్ ఆర్టిస్టులు వేషములు వేసికొని నిలిచియుండగా ఒక మేఘము సూర్యుని కప్పినచో, ఆగుదమా, దీపములతో సాగుదమా అని నిర్ణయింపవలసినవాడు అతడే. ఆగిన ప్రతి గంటయు నిర్మాతకు ఖర్చే. చిన్న చిత్రమున పై పనులన్నియు ముగ్గురు నలుగురు చేసికొందురు. తప్పు జరిగినచో దానిని కప్పిపుచ్చుటకు రెండవ కెమెరా యుండదు. కాని ఏమి చూపవలెను, ఏమి చూపరాదు అను నిర్ణయము దర్శకుడు, ఛాయాగ్రాహకుడు ఇద్దఱి నడుమనే తేలిపోవును. ఒకచోట స్వాతంత్ర్యము హెచ్చు, సాధనము తక్కువ. వేఱొకచోట సాధనము హెచ్చు, స్వాతంత్ర్యము తక్కువ. ఈ రెండింటిలో దేనికో ఒకదానికి జీవితమంతయు కట్టుబడినవారికంటె, రెండింటను మెలగినవారే గట్టిపడుదురని పైవారి చరిత్రలు చెప్పుచున్నవి. స్వతంత్రచిత్రములకు పేరుపొందిన మహాజన్ సైతము ‘రజనీగంధా’ వంటి జనాదరణ పొందిన చిత్రములకు పనిచేసినవాడే.

డిజిటల్ కెమెరా వచ్చిన పిదప చిన్న చిత్రమునకు ద్వారములు మఱింత తెఱచుకొనినవి. ఫిల్ము అడుగులు లెక్కపెట్టుకొను భయము పోయినది. 2018లో వచ్చిన ‘కేరాఫ్ కంచరపాలెం’ విశాఖపట్టణములోని రైలుపట్టాల పొరుగు పేటను, ఆ పేటవారినే నటులుగా గొని, తెరకెక్కించినది. వరుణ్ చాఫేకర్, ఆదిత్య జవ్వాది దానికి ఛాయాగ్రాహకులు. ఆ ఇరుకుసందులు, ఆ అరుగులు, ఆ మాటతీరు న్యూ సెటిల్‌మెంటువారికి చుట్టములవలె తోపకమానవు; పెక్కు కుటుంబములు బయలుదేరి వచ్చినది ఆ ఉత్తరాంధ్రమునుండియే గదా! 2021 నాటి ‘సినిమా బండి’లో నైతే, ఆటో డ్రైవరునకు దొరకిన ఖరీదైన కెమెరాయే కథకు మూలము.

అయితే పనిముట్టు చౌకయగుట వేఱు, వృత్తి సులభమగుట వేఱు. ఈ వృత్తికి నెలజీతము లేదు, పెన్షను లేదు, క్వార్టరు లేదు. సహాయకుడుగా పెట్టెలు మోయుట, లెన్సులు తుడుచుట, టేపుతో దూరము కొలుచుట మొదలుకొని స్వంతముగా ఒక చిత్రము చేతికి వచ్చువఱకు పలుయేండ్లు పట్టును. చిత్రమునకు చిత్రమునకు నడుమ నెలలు ఖాళీగా గడచును; ఆ ఎడమును వ్యాపారప్రకటనలతో, పెండ్లిండ్ల వీడియోలతో పూడ్చుకొనువారు కలరు. రాత్రి షూటింగులు ఆరోగ్యమును తినును. స్త్రీలకు ఈ ద్వారము మఱింత ఆలస్యముగా తెఱచుకొనెను. 1985లో ‘చిన్న వీడు’ అను తమిళ చిత్రముతో బి.ఆర్. విజయలక్ష్మి ఛాయాగ్రాహకురాలగువఱకు దక్షిణాది తెరకు అట్టి ఉదాహరణము లేదు. ఇవన్నియు తెలిసి దిగినవానికి మాత్రమే ఈ పనిలో నిలుకడ కలుగును.

దిగదలచిన యువతీయువకులకు ఖరగ్‌పూరు చెడ్డ చోటు కాదు. 1960లో స్థాపితమైన పుణె ఇన్‌స్టిట్యూటు దూరమైనను, 1995లో కలకత్తాలో నెలకొన్న సత్యజిత్ రాయ్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూటు లోకల్ రైలు దూరములోనే యున్నది. అందు ఛాయాగ్రహణము మూడేండ్ల చదువు. డిగ్రీ ముగించి ప్రవేశపరీక్ష వ్రాయవలెను. పరీక్షకు ముందే చేయదగిన అభ్యాసము ఒకటున్నది: చేతిలోని ఫోనుతోనైనను సరే, ఒకే కిటికీని, ఒకే మనుష్యుని, తెల్లవారుజామునుండి దీపాలవేళవఱకు గంటగంటకు చిత్రించి, ఏ వెలుగు ముఖమునకు ఏమి చేయుచున్నదో వ్రాసికొనుట. కెమెరా కొనుటకు ముందు ఈ పని ఒక ఋతువంతయు సాగించినవాడు కొనిన పిదప తడబడడు.

పెద్దలకొక మనవి. న్యూ సెటిల్‌మెంటులోని తెలుగు సంఘములు ఏటేట పండుగలకు, నాటకములకు, పూజలకు చందాలు పోగుచేయుచున్నవి. ఆ సొమ్ములో కొంత వేఱుపఱచి, ఒక మంచి కెమెరాను, రెండు లెన్సులను, ఒక త్రిపాదిని కొని, ఆసక్తిగల పిల్లలకు వంతులవారీగా ఇచ్చు ఏర్పాటు చేయుడు. కార్ఖానాలో పనిచేసి విశ్రాంతి తీసికొన్న తాతలు, ఉత్తరాంధ్రమునుండి కోడళ్లుగా వచ్చిన అవ్వలు ఇంకను మన నడుమ నున్నారు. వారి ముఖములను, వారి మాటను, వారున్న పాత క్వార్టర్ల వాకిళ్లను పిల్లలచేత ఈ యేడే చిత్రింపజేయుడు.